టీల్ పట్టణము - ఏటిగట్టు



డచ్చిదేశము మన కోస్తావారికి బొత్తిగా క్రొత్తది కాదు. 1605వ సంవత్సరమున ఆ దేశపు వర్తకులు మచిలీపట్టణమున దిగి మన నేతవస్త్రములను కొనిపోసాగిరి. వారినే మన పెద్దలు ఒలాందావారనిరి. వారి స్వదేశమున ఒక చిన్న నదీతీరపట్టణము నీటితో ఎట్లు కాపురము చేసినదో నేడు మీకు మనవి చేసెదను. ఆ పట్టణము పేరు టీల్.

రైను నది డచ్చిదేశమున ప్రవేశించినంతనే పాయలగును. వానిలో పెద్దది వాల్. రైను నీటిలో ఇంచుమించు మూడింట రెండు పాళ్లు ఈ పాయవెంటనే పోవును. దాని ఉత్తరపుటొడ్డున టీల్ ఉన్నది. ఆ సీమ మన గోదావరి లంకలవలె వండలి నేల. ఆపిలు, పియరు, చెర్రీ తోటలకు ప్రసిద్ధము. 1961 మొదలు అచ్చట సెప్టెంబరు మాసమున పండ్లతోను కూరగాయలతోను అలంకరించిన బండ్లను ఊరేగించు ఉత్సవము జరుగుచున్నది.

తొమ్మిదవ శతాబ్దమున వైకింగులను ఓడదొంగలు సమీపమునందలి డోరెస్టాడు రేవును పలుమారు దోచిరి. ఆ రేవు క్షీణింపగా వర్తకము టీల్ చేరెను. ఇచ్చటి వర్తకులు ఇంగ్లండుతో వ్యాపారము సాగించిరి. నదికి దిగువను మూడవ డిర్కు అను ప్రభువు తమ ఓడలను ఆపి సుంకము గుంజుచున్నాడని వారు రెండవ హెన్రీ చక్రవర్తికి మొరపెట్టుకొనిరి. 1018లో చక్రవర్తి పంపిన సేన ఆ ప్రభువుచేత ఓడిపోయెను.

సుంకమునకు మొర వినుటకు చక్రవర్తి కలడు; వరదకు వినువాడెవడు? కావున ఆ సీమవారు ఏటిగట్టునే నమ్ముకొనిరి. 1327లో గెల్డరు ప్రభువగు రెండవ రైనాల్డు గట్టులనుగూర్చి శాసనములు దయచేసెను. పూర్వపద్ధతి ప్రకారము భూమిగల ప్రతివానికి గట్టులో ఇంత నిడివియని వంతు ఏర్పడియుండెను. గట్టు పెద్దయు ఆయన సహాయులును గట్టువెంట నడచి పరీక్షించెడివారు; వంతు చెడియున్నచో జరిమానా వేసెడివారు. తన వంతు నిలుపలేనివాడు గట్టుమీద పార గ్రుచ్చి తన భూమిని విడిచిపోవలెను. ఆ పారను పెరికినవానికి ఆ భూమియు, దానితోడి గట్టు భారమును సంక్రమించును.

ఇది క్రూరమైన కట్టడియని నాకు తోచును. పంట చెడి చితికిన కాపు ఆ దినమున దిక్కులేనివాడగును గదా! అయినను ఒకని వంతున గండి పడినచో వేలమంది కొంపలు మునుగును. అందుచేత తరువాతి కాలమున వంతులు రద్దుచేసి, అందరును పన్ను చెల్లించి గట్టును ఉమ్మడిగా కాచుకొను పద్ధతి వచ్చెను. ఇదియే న్యాయమైన మార్గమని నా అభిప్రాయము.

గట్టున్నంతమాత్రమున భయము తీరలేదు. 1809 జనవరిలో మంచుగడ్డలు నదికి అడ్డుపడి గట్టులు తెగెను. లూయీ రాజు స్వయముగా వచ్చి బాధితులను చూచెను. 1944-45 శీతకాలమున వాల్ నదియే యుద్ధపు సరిహద్దు కాగా టీల్ ఫిరంగిదెబ్బలకు శిథిలమయ్యెను; జనులు ఊరు విడిచిరి. 1995 జనవరి తుదిని వరద గట్టు అంచులకు రాగా, ఆ సీమనుండి సుమారు 2,50,000 మందిని, లక్షలకొలది పశువులను తరలించిరి. గట్లు నిలిచినవి, కొద్దిదినములకే జనులు ఇండ్లు చేరిరి.

అప్పుడు డచ్చివారు ఒక పాఠము నేర్చిరి. గట్టును ఎత్తుచేయుట యొక్కటే చాలదు, నదికి చోటీయవలెనని నిశ్చయించిరి. టీల్‌కు ఎగువనున్న నైమేగను నగరమునెదుట లెంట్ అనుచోట గట్టును సుమారు 350 మీటర్లు వెనుకకు జరిపి, నీటికి వేరొక కాలువ త్రవ్విరి. అందుకై కొన్ని కుటుంబములవారు తమ ఇండ్లను విడువవలసివచ్చెను. వారి త్యాగము ఇతరులకు రక్షణయైనది.

మన సీమలోను చెరువుగట్లకు కుడిమరామతు అను ఆచారముండెను. ఆయకట్టుదారులందరును కూడి పూడిక తీసి, గట్టు బాగుచేసికొనెడివారు. దేశములు వేరైనను ధర్మమొక్కటే. గట్టుపని వర్షము కురియకముందే చేయవలెను; ఆ పనిలో పేదవాని వంతును ఊరు పంచుకొనవలెను. గ్రామపెద్దలగు మీరు ఈ రెండు మాటలను ఊరివారికి తెలియజెప్పుదురుగాక.