స్వప్నలేఖనము

బాణాసురుని కూతురు ఉష కలలో ఒక రాకుమారుని చూచెను. అతడెవడో, ఏ దేశమువాడో ఆమె యెఱుగదు. చెలికత్తెయగు చిత్రలేఖ దేవతల, గంధర్వుల, భూమిమీది రాజుల రూపములను ఒకదాని వెంట ఒకటిగా వ్రాసి చూపుచుండగా, అనిరుద్ధుని పటము కంటబడగానే ఉష అతనిని గుర్తించెను. భాగవత దశమస్కంధములోని ఈ కథను కూచిపూడివారు ఉషాపరిణయమను పేర ఆడుచు వచ్చిరి; కనుక కృష్ణాతీరమున దీనిని విననివారు తక్కువ.

కథను కథగా వినుచు మనము ఒక సంగతిని దాటిపోవుదుము. చిత్రలేఖ ఉష కలను చూడలేదు. ఆమె వ్రాసినవి లోకమున మెలకువతో తిరుగువారి రూపములు. వానిలో ఏది తన కలకు సరిపోవునో చెప్పినది ఉషయే. కలకు కలగన్నవారొక్కరే సాక్షి. ఆ సాక్ష్యముతో పనిలేక కలను యంత్రముచేత నేరుగా వ్రాయింపవచ్చునా? కోరిన కలను తెప్పింపవచ్చునా? నూటయరువది యేండ్లకు పైగా కొందరు శాస్త్రజ్ఞులు ఈ ప్రశ్నలను వదలక పట్టుకొనియున్నారు.

అంతకు పూర్వము కలను నిలుపుటకు కలము, కుంచె, ఉలి తప్ప సాధనములు లేవు. అమరావతి శిల్పములలో మాయాదేవి కలయు, పండితులు దానికి అర్థము చెప్పుటయు చెక్కబడియున్నవి. నందిగామ, వీరులపాడు ప్రాంతములవారికి దగ్గరిది జగ్గయ్యపేట స్తూపము. కాని 1882లో బర్జెస్ త్రవ్వించిన ఆ చోటు నుండి పేరుపొందిన ఫలకము మాంధాత చక్రవర్తిది. కలను చెక్కిన శిల్పమును తరగతిలో చూపదలచిన ఉపాధ్యాయులు అమరావతి శిల్పముల చిత్రములనే తెప్పించుకొనవలెను.

కలను పరీక్షకు లోబరచిన మొదటివారిలో ఇరువురు ఫ్రెంచివారు ముఖ్యులు. ఆల్ఫ్రెడ్ మోరీ తాను నిద్రించుచుండగా మరియొకనిచేత తన ముక్కు కడ సుగంధద్రవ్యము నుంచుకొని, మేల్కొనిన వెంటనే వచ్చిన కలను వ్రాసికొనెడివాడు. ఆ వాసనకు కైరో నగరపు అంగడి కలలోనికి వచ్చినదని 1861 నాటి గ్రంథమున తెలిపెను. ఎర్వే ద సాం-దెనీ ఇంకను ముందుకు పోయెను. ఒక ప్రదేశమున నున్నన్నాళ్లు ఒకే అత్తరు వాడి, ఇల్లు చేరిన పిమ్మట ఆ సీసాను తాకలేదు. తాను గాఢనిద్రలో నున్న ఒకానొక రాత్రి తలగడపై ఆ అత్తరు చుక్కలు చల్లుమని సేవకునికి ముందే చెప్పియుంచెను. ఏ రాత్రియో తనకు తెలియదు. ఆ ప్రదేశమే కలలోనికి వచ్చెనట! 1867లో ప్రకటింపబడిన ఈ ప్రయోగము ఎంతో తెలివిగా కూర్చబడినది. అయినను కలగన్నవాడును, పరీక్షించినవాడును ఒక్కడే యగుట దాని లోపము.

యంత్రము రంగమునకు వచ్చుటకు ఒక ప్రమాదము కారణమయ్యెను. 1893లో జర్మను సైన్యమున పనిచేయుచున్న హాన్స్ బెర్గర్ గుఱ్ఱముపై నుండి పడి తృటిలో చావు తప్పించుకొనెను. దూరముననున్న అతని సోదరి మనసు కీడు శంకించగా, ఆనాడే అతని క్షేమము నడుగుచు తంతి వచ్చెను. ఒక మెదడు నుండి మరియొక మెదడునకు ఏదో శక్తి పోవుచున్నదని బెర్గర్ నమ్మి, దానిని వెదకుచు వైద్యవిద్య నభ్యసించెను. ఆ శక్తి అతనికి దొరకలేదు. దొరకినది వేరొకటి: 1924లో యేనా నగరమున మానవుని మెదడు విద్యుత్తరంగములను తొలిసారిగా వ్రాయించి, 1929లో ప్రకటించెను. నెత్తిపై నుంచిన లోహపు బిళ్లలకు అందు ఈ విద్యుత్తు సాధారణముగా వోల్టులో పదివేలవ వంతుకు మించదు. దానిని పెద్దదిగా చేసి కదలు కాగితముపై గీతలుగా వ్రాయించెడివారు. తప్పుడు నమ్మకము మంచి యంత్రమునకు దారితీయుట శాస్త్రచరిత్రలో క్రొత్త కాదు.

అసలు మలుపు షికాగోలో వచ్చెను. యూజీన్ అసెరిన్‌స్కీ అను విద్యార్థి 1951లో ఎనిమిదేండ్ల తన కుమారుని ప్రయోగశాలలో పరుండబెట్టి, కన్నుల ప్రక్కను, తలపైనను బిళ్లలంటించెను. కంటి ముందుభాగము ధనావేశము, వెనుకభాగము ఋణావేశము గలవి. కావున కనుగ్రుడ్డు తిరిగినప్పుడెల్ల ప్రక్కనున్న బిళ్లలో విద్యుత్తు మారును. యంత్రము ఒక రాత్రికి అర మైలు కాగితమును మ్రింగెడిది. నిద్రించు బాలుని కన్నులు కొంతసేపు నిశ్చలముగా నుండి, హఠాత్తుగా మేల్కొనినవాని కన్నులవలె ఇటునటు పరుగిడసాగెను. పాతయంత్రము చెడినదేమో యని అతడు మొదట శంకించెను. చెడినది యంత్రము కాదు. నిద్ర యంతయు ఒకే రీతి విశ్రాంతి యను అభిప్రాయము!

1953లో అసెరిన్‌స్కీయు, అతని గురువు క్లైట్‌మన్‌ను సైన్స్ పత్రికలో తమ లెక్కలను వెలువరించిరి. కన్నులు చలించుచుండగా 27 పర్యాయములు లేపి యడిగిన 20 మారులు వివరమైన కలలు చెప్పబడెను. కన్నులు కదలనప్పుడు 23 పర్యాయములు లేపగా 19 మారులు ఏమియు జ్ఞాపకము లేదని చెప్పిరి.

ఈ శీఘ్రనేత్రచలన నిద్ర రమారమి తొంబది నిమిషముల కొకసారి వచ్చును. మొదటి విడత కొద్ది నిమిషములే; రాత్రి గడచిన కొలది పెరిగి, వేకువకు చాల దీర్ఘమగును. తెల్లవారుజాము కల నిజమగునని మన పెద్దలందురు. నిజమగుట మాట నటుంచుడు, తెల్లవారుజాము కల ఎక్కువగా జ్ఞాపకముండుటకు కారణ మిదియే. దీర్ఘమైన కల, దాని వెంటనే మెలకువ.

అయితే కన్నుల గీతలే కల యని పొరపడరాదు. 1962లో డేవిడ్ ఫౌక్స్, కన్నులు కదలని నిద్రనుండి లేచినవారును తరచుగా ఏదో ఒక ఊహను చెప్పగలరని చూపెను. కాగితముపైకి వచ్చినది నిద్రించువాని దేహస్థితి. కల మరల సాక్షి నోటనే మిగిలెను.

ఆ సాక్షి నిద్రలోనే మాటాడినచో? ఇది కల యని కలలోనే ఎఱుక గలవారు కొందరున్నారు. కాని శీఘ్రనేత్రచలన నిద్రలో కాలుసేతుల కండరములు పట్టువిడచియుండును; నోరు కదలదు, చేయి లేవదు. కన్నులు మాత్రము స్వేచ్ఛగా నుండును. ఇంగ్లండులోని హల్ నగరమున కీత్ హెర్న్ ఈ చిన్న కిటికీని వాడుకొనెను. కలలోనని తెలిసిన క్షణమున కన్నులను ఎడమకు, కుడికి వరుసగా త్రిప్పవలెనని అలన్ వోర్స్‌లీతో ముందుగా ఒప్పందము చేసికొనెను. 1975 ఏప్రిల్ 12 వేకువను ఆ సంజ్ఞ కాగితముపై పడెను. తలపైని బిళ్లలు వాడు నిద్రలోనే యున్నాడని చెప్పుచుండ, కన్నులు నేనిక్కడ నున్నానని చెప్పినవి. నా దృష్టిలో ఈ చరిత్రయంతటిలో అందమైన ప్రయోగ మిదియే. ఖర్చు కూడ లేదు. అమెరికాలో స్టీఫెన్ లాబెర్జ్ స్వతంత్రముగా ఇట్టి ఫలితమునే సాధించి 1981లో ప్రకటించెను.

ఇక జపాను ప్రయోగము. 2013లో క్యోటోకు చెందిన కమితానియు, సహచరులును ముగ్గురు మనుష్యులను అయస్కాంత చిత్రణ యంత్రములో నిద్రింపజేసిరి. మెదడులో పని హెచ్చిన చోట రక్తపు ఆమ్లజని మారును. ఆ మార్పును అయస్కాంతము పసిగట్టును. కునుకు పట్టగానే లేపి, ఏమి కనబడినదని యడుగుట, మరల నిద్రింపనిచ్చుట. ఒక్కొక్కరిని 200 పర్యాయములకు తక్కువగాక లేపిరి. వారు చెప్పిన మాటలనుండి ఇల్లు, బండి, స్త్రీ మున్నగు వర్గములేర్పరచి, మెలకువలో అట్టి బొమ్మలను చూపి, అప్పటి మెదడు తీరును గణకయంత్రమునకు నేర్పిరి. పిమ్మట నిద్రనాటి తీరును దానితో పోల్చిరి. రెండు వర్గములలో కలలోనిది ఏదని యడిగిన, యంత్రము నూటికి అరువది వంతులు సరిగా చెప్పెను. నాణెమెగురవేసినను నూటికి ఏబది!

చిత్రలేఖ చేసినదియు ఇదియే గదా. మెలకువనాటి పటములు, నిద్రనాటి పోలిక, నడుమ ఉష మాట. ఇంకొకరు మన కలను మనకు తెలియకుండ దొంగిలింపగలరా యని విద్యార్థులు తఱచు భయముతో అడుగుదురు. ఈ యంత్రమునకు ఎవరి కల కావలెనో వారి మెదడునే దినముల తరబడి, వారి సమ్మతితో చదువవలసియుండెను. ఒకరి తీరున నేర్చినది మరియొకరికి సరిగా అమరదు.

2021లో అమెరికా, ఫ్రాన్సు, జర్మనీ, నెదర్లాండ్సు ప్రయోగశాలలు నాలుగు కలసి, నిద్రించువారినే ప్రశ్నలడిగినవి. ఎనిమిదిలో ఆరు పోగా ఎంత యని మెల్లగా వినిపింపగా, ఒకడు కన్నులను రెండుమారులు ఎడమకు, కుడికి త్రిప్పి బదులిచ్చెను. ఎఱుకగల కలలలో 158 పర్యాయములు అడిగిన ప్రశ్నలకు సరియైన జవాబు వచ్చినది నూటికి 18 మాత్రమే. నూటికి అరువది వంతులు ఏ బదులును రాలేదు. కొందరికి ఆ ప్రశ్న కలలో ఎక్కడినుండియో మ్రోగు రేడియోవలె వినబడినదట. ఆ సంగతిని కన్నుల గీతలు చెప్పలేదు. మేల్కొనిన పిమ్మట వారే చెప్పిరి.