పసిగుప్పెట్లో రస్కు

కలరా నీటి ద్వారా వస్తుందని తేల్చిన డాక్టర్‌గా జాన్ స్నోను లోకం గుర్తుపెట్టుకుంది. లండన్ బ్రాడ్ స్ట్రీట్‌లో నీళ్ల పంపు పిడి ఊడదీయించిన ఉదంతం పాఠ్యపుస్తకాలకెక్కింది. అదే స్నో 1857లో ‘లాన్సెట్’ పత్రికకు రాసిన ఇంకో వ్యాసాన్ని మాత్రం తలచుకునేవాళ్లు తక్కువ. అది పిల్లలు తినే రొట్టె గురించి.

ఆ రోజుల్లో లండన్ పేదపేటల్లో ఎక్కడ చూసినా దొడ్డికాళ్ల పిల్లలే. ఎముకలు మెత్తబడి వంగిపోయే ఆ జబ్బు రికెట్స్. స్నో పుట్టింది యార్క్‌లో, వైద్యం నేర్చుకోవడం మొదలుపెట్టింది న్యూకాజిల్ బొగ్గుగనుల ప్రాంతంలో. అక్కడి పేదరికమూ తక్కువదేం కాదు. అయినా ఈ జబ్బు అంతగా లేదు. ఎందుకని ఆరా తీస్తే ఆయనకు పొయ్యి దగ్గర తేడా కనిపించింది. ఉత్తరాది ఆడవాళ్లు రొట్టె ఇంట్లోనే కాల్చుకుంటున్నారు. లండన్ వాళ్లు బేకరీలో కొంటున్నారు. బేకరీవాళ్లేమో రొట్టె తెల్లగా కనబడాలని పిండిలో పటిక కలుపుతున్నారు. ఆ పటిక ఎముకలకు అందాల్సిన ఫాస్ఫేటును అందకుండా చేస్తోందని స్నో వాదించాడు.

రికెట్స్‌కు అసలు కారణం ఎండ తగలకపోవడం, విటమిన్ డి లోపం. ఎడ్వర్డ్ మెలన్‌బీ అనే శాస్త్రవేత్త కుక్కపిల్లల మీద ప్రయోగాలు చేసి, కాడ్ చేప కాలేయపు నూనెతో ఆ జబ్బు నయమవుతుందని చూపించేసరికి 1919 వచ్చింది. స్నో జవాబు సరిపోలేదు కానీ, ఆయన అడిగిన ప్రశ్నకు ఆయుష్షు గట్టిది. పసిబిడ్డ నోటికి వెళ్లేది ఎవరి పొయ్యి మీద తయారైంది? దీనికి తోడుగా పాతకాలం నుంచీ నడుస్తున్న ప్రశ్న ఇంకొకటుంది. దాన్ని నోట్లో పెట్టేది పెద్దవాళ్ల చెయ్యా, బిడ్డ చెయ్యా? ఇంట్లో కాల్చి పిల్లల చేతికిచ్చే చిరుతిండి చరిత్రంతా ఈ రెండు ప్రశ్నల చుట్టూనే తిరిగింది.

పాతకాలంలో పెద్దల చెయ్యే పైచేయి. 2వ శతాబ్ది మొదట్లో రోమ్‌లో వైద్యం చేసిన సొరానస్, ఆరు నెలలు నిండేదాకా గట్టి తిండి వద్దన్నాడు. ఆ తర్వాత రొట్టె పొడిని పాలలోనో తేనెనీళ్లలోనో నానబెట్టి పెట్టమన్నాడు. తర్వాతి శతాబ్దాల్లో ఐరోపా అంతటా ఇదే పద్ధతి. రొట్టెనో పిండినో పాలలో ఉడికించి, పడవలాంటి చిన్న గిన్నెతో బిడ్డ నోట్లో పోసేవాళ్లు. ధనవంతుల ఇళ్లలో అది వెండిది, మిగతావాళ్లకు పింగాణీది. మన ఉగ్గుగిన్నె చూసినవాళ్లకు దాని ఆకారం కొత్తగా అనిపించదు. అదే ముక్కు, అదే వంపు. లండన్‌లో 1748లో విలియం కేడొగన్ అనే వైద్యుడు శిశు పోషణ మీద చిన్న పుస్తకం వేసి, పిల్లలను గుడ్డల్లో బిగించి చుట్టడం, మోతాదు మించి కుక్కడం మానండని గట్టిగా చీవాట్లు పెట్టాడు.

చేతికిచ్చే తిండి ఊసు మన వైద్యంలో ముందే ఉంది. 7వ శతాబ్దానికి చెందినవాడిగా చెప్పే వాగ్భటుడు ‘అష్టాంగ హృదయం’లో, పాలు మానిన పిల్లల కోసం మోదకాలు చెప్పాడు. ఒకదానిలో సారపప్పు, అతిమధురం, తేనె, పేలాలు, కలకండ. బిడ్డకు పుష్టినిచ్చే ఉండ అది. ఆకలి పుట్టించడానికి లేత మారేడు, ఏలకులు, పేలపిండి కలిపిన ఉండ వేరు. విరేచనాలు ఆపడానికి ధాతకీ పువ్వుతో చేసే ఉండ ఇంకొకటి. మందూ చిరుతిండీ ఒకే ఉండలో! ఈనాటి ఏ తల్లి వంటల పుస్తకంలో చేర్చినా ఇమిడిపోయే సరుకే.

తెలుగు ఇళ్లలో మాత్రం ఇందులో తమాషా ఒకటుంది. బిడ్డ నవ్వితే నువ్వుండలు, బోర్లాపడితే బొబ్బట్లు, పాకితే పాకుండలు, కూర్చుంటే కుడుములు, అడుగులేస్తే అరిసెలు. బిడ్డ ఎదుగుదలలోని ప్రతి మెట్టుకూ చేత్తో పట్టుకు తినే పిండివంట ఒకటి కట్టిపెట్టారు మన అమ్మమ్మలు. అవన్నీ వెళ్లేది ఇరుగుపొరుగు ఇళ్లకు. ఘనకార్యం చేసిన బిడ్డకు దక్కేది మళ్లీ ఉగ్గే! దంచిన బియ్యం, వేయించిన పెసరపప్పు, కాస్త వాము. మన వంటిళ్లలో ఓవెన్ లేదు కనుక కరకరలాడేవన్నీ నూనెలోంచి రావాల్సిందే. వాటిని పళ్లురాని నోటికి దూరంగా పెట్టడంలో తప్పేమీ లేదు.

ఓవెన్ ఉన్న దేశాల్లో రొట్టె ఇంకో దారి పట్టింది. రొట్టెను ముక్కలు కోసి, ఆరిపోతున్న ఓవెన్ వేడిలో మళ్లీ పెడితే లోపలి తేమ అంతా పోతుంది. నెలల తరబడి నిల్వ ఉంటుంది, పాలు తగిలితే క్షణంలో మెత్తబడుతుంది. 1861లో వచ్చిన మిసెస్ బీటన్ గృహనిర్వహణ గ్రంథంలో శిశువుల ఆహారాల జాబితా ఉంది. పాలగుండ, కాల్చిన పిండి, బిస్కెట్ పొడితో పాటు ‘టాప్స్ అండ్ బాటమ్స్’ అనేవీ కనిపిస్తాయి. చిన్న బన్నులు కాల్చి, అడ్డంగా రెండుగా కోసి, మళ్లీ ఎండేదాకా కాల్చేవాళ్లు. పైభాగం ఒకటి, కిందిభాగం ఒకటి. వాటినీ నీళ్లలోనో పాలలోనో నానబెట్టి, చిదిపి, చెంచాతోనే పెట్టేవాళ్లు.

ఫ్యాక్టరీలు ఆ చిదిపే పని కూడా తామే తీసుకున్నాయి. స్విట్జర్లాండ్‌లోని వెవే ఊళ్లో 1867లో హెన్రీ నెస్లే అమ్మిన శిశు ఆహారం తయారైన తీరు చూడండి. గోధుమపిండితో రస్కులు కాల్చి, వాటిని పొడి చేసి, చిక్కబరిచిన పాలు, చక్కెర కలిపేవారు. ఇంట్లో తల్లి చేసే పనే. డబ్బాలోకి ఎక్కాక దానికి శాస్త్రం అనే పేరొచ్చింది. ఇంగ్లండ్‌లోని ప్లిమత్‌లో 1880లలో ఫార్లీ అనే బేకరీ యజమాని చేసిన రస్కు కూడా ఒక స్థానిక వైద్యుడి సలహాతో పుట్టిందనే చెబుతారు. బ్రిటన్‌లో తరతరాల పిల్లలు దాన్ని తిని పెరిగారు. చేత్తో పట్టుకుని చీకే వీలున్న ఆ రస్కును సీసాపాలలో కలిపి తాగించే అలవాటు తల్లుల్లో పాతుకుపోయింది. వద్దని నర్సులు చాలా కాలం పోరాల్సివచ్చింది.

అరారూట్ బిస్కెట్లదీ ఇదే కాలం. ఆస్ట్రేలియాలో ఆర్నాట్స్ కంపెనీ పాలు, అరారూట్ పేరు పెట్టి 1888లో బిస్కెట్ తెచ్చింది. మన దేశంలో 1892లో కలకత్తాలో మొదలైన బ్రిటానియా చేసే పల్చటి అరారూట్ బిస్కెట్ బెంగాలీ ఇళ్లలో టీకి విడదీయరాని జత. అరారూట్ అంటే తెలుగువాళ్లకు పాలగుండ. కడుపు పాడైన పిల్లలకు కాచి పట్టే జావ. ఆ నమ్మకమే బిస్కెట్‌ను అమ్మింది. లోపల ఎక్కువ భాగం మామూలు గోధుమపిండే.

అసలు గట్టి రస్కును బిడ్డ చేతికివ్వాలన్న ఆలోచనకు బలమిచ్చింది పళ్ల భయం. పళ్లు రావడమే ప్రాణాంతకమని 19వ శతాబ్ది వైద్యులు నమ్మారు. బ్రిటన్ మరణాల లెక్కల్లో ‘పళ్లు రావడం’ ఒక కారణంగా నమోదయ్యేది. 16వ శతాబ్దంలో ఆంబ్రోజ్ పారే అనే శస్త్రవైద్యుడు చెప్పినట్టు చిగుళ్లను కత్తితో కోసేవాళ్లు. పాదరసం ఉన్న పొడులు నాకించేవాళ్లు. అమెరికాలో బాగా అమ్ముడైన ఒక సిరప్‌లో మార్ఫిన్ ఉండేది. బిడ్డ నిద్రపోతే పళ్ల నొప్పి తగ్గిందనుకునేవాళ్లు. కొందరు ఆ నిద్రలోంచి లేవలేదు. పాదరసపు పళ్లపొడులు బ్రిటన్‌లో మార్కెట్ నుంచి తప్పుకున్నది 1954లో. వాటి పక్కన పెట్టి చూస్తే, చిగుళ్లతో కొరుక్కోమని ఎండు రొట్టెముక్క చేతికిచ్చిన అవ్వే ఆ కాలపు ఉత్తమ వైద్యురాలు.

బిడ్డ చేతిని నమ్మి చూద్దామన్న మొదటి పెద్ద ప్రయోగం అమెరికాలో జరిగింది. క్లారా డేవిస్ అనే పిల్లల డాక్టర్ 1920లలో, అప్పుడే పాలు మానుతున్న శిశువుల ముందు పళ్లెం పెట్టి ఊరుకుంది. మొత్తం మీద 15 మంది పిల్లలు, 30కి పైగా పదార్థాలు. నర్సు తినమని అనకూడదు, వద్దనీ అనకూడదు. బిడ్డ దేనికేసి చెయ్యి చాస్తే అదే అందించాలి. వేళ్లతో తిన్నా సరే. మొదటి రోజుల్లో వాళ్లు చెంచాల్నీ పళ్లెం అంచుల్నీ కూడా కొరికి చూశారు. తర్వాత ఎవరికి కావలసినవి వాళ్లు ఏరుకున్నారు. ఒక్కరి తిండి ఇంకొకరి తిండిలా లేదు, అందరూ చక్కగా పెరిగారు. రికెట్స్‌తో వచ్చిన ఒక పిల్లవాడి పళ్లెంలో కాడ్ చేప నూనె కూడా ఉంచితే, జబ్బు తగ్గేదాకా తనంతట తనే తాగి, తగ్గాక మానేశాడు. ఇందులో కిటుకు ఒకటుందని డేవిస్ తానే ఒప్పుకుంది. ఆ పళ్లెంలో చక్కెర లేదు, బేకరీ సరుకు లేదు, డబ్బా తిండి లేదు. ఏం ఏరుకున్నా మంచిదే అయ్యేలా పెద్దలు ముందే ఏర్చి పెట్టారు.

లోకం ఆమె మాట వినలేదు. 1928కల్లా గెర్బర్ కంపెనీ వడకట్టిన బఠాణీ గుజ్జును డబ్బాల్లో అమెరికా అంతటా పంపుతోంది. అటుపైన కొన్ని దశాబ్దాల పాటు గుజ్జుదే రాజ్యం. తిండి పెట్టే వయసూ నెలనెలా కిందికి జారింది. నాలుగు నెలల బిడ్డకు తిండి పెడితే గుజ్జు తప్ప గత్యంతరం లేదు. కూర్చోనే లేని బిడ్డ రస్కు ఎలా పట్టుకుంటుంది?

2001లో ప్రపంచ ఆరోగ్య సభ ఆరు నెలల దాకా తల్లిపాలు మాత్రమే చాలని తీర్మానించింది. దాంతో లెక్క మారింది. ఆరు నెలల బిడ్డ కూర్చోగలదు, చెయ్యి చాపగలదు, నోటికి తీసుకుపోగలదు. బ్రిటన్‌లో నర్సుగా పనిచేసిన గిల్ రాప్లీ 2008లో ఇంకో రచయిత్రితో కలిసి తెచ్చిన పుస్తకం, చెంచా పక్కన పెట్టి ముక్కలే చేతికివ్వమంది. ఇంటి ఓవెన్లు మళ్లీ పని మొదలుపెట్టాయి.

ఆ ఓవెన్లలోంచి వచ్చేవాటి ఆకారాన్ని నిర్ణయించేది బిడ్డ చెయ్యే. ఆరేడు నెలలప్పుడు వస్తువును అరచేత్తో మొత్తంగా పట్టుకుంటారు, గుప్పిట విప్పి లోపలిది తినడం తెలియదు. అందుకే ముక్క గుప్పిట పైకి కొంత పొడుచుకురావాలి. పండిన అరటిపండు మెదిపి, గోధుమపిండో రాగిపిండో కలిపి, పెద్దవాళ్ల వేలంత పొడుగున చుట్టి కాలుస్తారు. తొమ్మిది, పది నెలలకు బొటనవేలు, చూపుడువేలు కలిపి గిల్లి పట్టుకోవడం వస్తుంది. అప్పుడు చిన్న ముక్కలు. పెళుసుగా విరిగి గొంతుకు అడ్డంపడే గట్టి రస్కుల కంటే, వేళ్ల మధ్య నొక్కితే నలిగేవి మేలన్నది ఇప్పటి సలహా. అవ్వల కాలపు ఎండు రొట్టెకు ఇక్కడ మార్కులు తగ్గాయి. వాగ్భటుడి తేనెకూ తగ్గాయి. తేనెలో ఉండగల ఒక సూక్ష్మజీవి శిశువులను పక్షవాతంలా పడగొట్టగలదని 1976లో కాలిఫోర్నియాలో గుర్తించాక, ఏడాది నిండనిదే తేనె ముట్టించవద్దంటున్నారు. తెలుగు రాష్ట్రాల అంగన్‌వాడీల్లో ఇచ్చే బాలామృతం పొడిని ఉండలు చుట్టి ఇచ్చే తల్లులకూ, డాలస్‌లో ఓవెన్ ముందు నిలబడ్డ తెలుగు తల్లులకూ ఈ జాగ్రత్త ఒక్కటే.

వేరుశనగకు మాత్రం మార్కులు పెరిగాయి. ఇజ్రాయెల్ పసివాళ్లు 1960ల నుంచి ‘బాంబా’ అనే వేరుశనగ రుచి మొక్కజొన్న పఫ్‌లు చీకుతూ పెరుగుతున్నారు. అక్కడి యూదు పిల్లలతో పోలిస్తే బ్రిటన్‌లోని యూదు పిల్లల్లో వేరుశనగ అలర్జీ పదింతలు ఉందని 2008లో గిడియన్ లాక్ అనే వైద్యుడి బృందం చూపించింది. అలర్జీ ముప్పు ఎక్కువగా ఉన్న 640 మంది శిశువుల మీద అదే బృందం జరిపిన పరీక్ష ఫలితం 2015లో వచ్చింది. 11 నెలల్లోపే వేరుశనగ తినడం మొదలుపెట్టిన పిల్లల్లో అలర్జీ సుమారు 80 శాతం తగ్గింది. అంతకుముందు దాన్ని దూరం పెట్టమన్న అమెరికా వైద్యులు 2017లో సలహా మార్చుకున్నారు. ఇప్పుడు పసిపిల్లల బిస్కెట్లలో మెత్తగా దంచిన వేరుశనగపొడి కలుపుతున్నారు. గింజగా మాత్రం ఐదేళ్ల దాకా వద్దంటారు. ఒంటిమీద తీవ్రమైన ఎగ్జిమా గానీ, గుడ్డు అలర్జీ గానీ ఉన్న బిడ్డకు వేరుశనగ పెట్టడం ముందు డాక్టర్‌కు చూపించాకే.