రాత ఒకటి, పలుకు ఒకటి



చిన్నప్పుడు మా తరగతిలో ఒక కుర్రవాడు ఇంగ్లీషు పాఠం పైకి చదువుతూ ‘కొలొనెల్’ అన్నాడు. అందరం నవ్వాం. దాన్ని ‘కర్నల్’ అనాలని మాస్టారు దిద్దారు గాని, ‘ఎల్’ అక్షరం ఉన్నచోట ‘ర’ ఎందుకు పలకాలో చెప్పలేదు. ఆ పిల్లవాడు ఆనాటి నుంచి పైకి చదవడమే మానేశాడు. ఆ మాట చరిత్ర ఇవాళ మీకు మనవి చేస్తాను.

ఇటాలియన్ భాషలో ‘కొలొన్నా’ అంటే స్తంభం. సైనికుల బారుకు కూడా అదే పేరు. ఆ బారును నడిపించేవాడు ‘కొలొనెల్లో’. ఈ మాట ఫ్రెంచిలోకి వెళ్ళి 16వ శతాబ్దంలో ‘కొరొనెల్’ అయింది. దగ్గర దగ్గరగా వచ్చిన రెండు లకారాల్లో ఒకదాన్ని నాలుక రకారం చేసుకుందన్నమాట. ఇంగ్లీషువారు దాన్నే తెచ్చుకున్నారు. తరువాత పండితులు ఇటాలియన్ మూలాన్ని చూసి రాతను దిద్దారు. జనం నోట మాత్రం ‘ర’ నిలిచిపోయింది.

అప్పు అనే అర్థమున్న ‘డెట్’ సంగతీ ఇటువంటిదే. ఫ్రెంచి నుంచి వచ్చినప్పుడు అందులో ‘బి’ లేదు. లాటిన్‌లో ‘డెబిటుమ్’ అని ఉంది కదా అని పండితులు దాన్ని చేర్చారు. ఆ ‘బి’ని పలికి తీరాలని పట్టుబట్టే బడిపంతులును షేక్‌స్పియర్ 1598లో అచ్చయిన ‘లవ్స్ లేబర్స్ లాస్ట్’ నాటకంలో నవ్వులపాలు చేశాడు. ద్వీపాన్ని చెప్పే ‘ఐలండ్’లో ‘ఎస్’ కూడా ఇలా తగిలించినదే. పాత ఇంగ్లీషు మాటలో అది లేదు.

వీరుడు అనే అర్థమున్న ‘నైట్’ దారి వేరు. అందులో మొదటి ‘కె’ని ఒకప్పుడు నిజంగానే పలికేవారు. 1476లో విలియం కాక్స్‌టన్ ఇంగ్లండులో అచ్చుయంత్రం పెట్టాడు. అచ్చు వల్ల రాత క్రమంగా స్థిరపడింది. పలుకు మాత్రం మారుతూ పోయింది.

మన మాట కూడా ఒకటి ఇంగ్లీషులో ఉంది. ‘బాండికూట్’ అంటే మన పందికొక్కే. యూల్, బర్నెల్ దొరల నిఘంటువు ‘హాబ్సన్ జాబ్సన్’ 1886లోనే ఇది తెలుగు మాటని రాసింది. ఆస్ట్రేలియాలో ఆ పేరును పొట్టకు సంచి ఉండే మరో జంతువుకు పెట్టుకున్నారు. పలుకూ మారింది, అర్థమూ మారింది. అయినా వారిని చూసి ఎవరూ నవ్వలేదు.

చివరగా ఒక్క మాట. మన యానాం 1954 వరకు ఫ్రెంచి పాలనలో ఉండేది. ఫ్రెంచివారు తరువాత తమ పాత ‘ర’ను వదిలేసి, ఇప్పుడు ‘కొలొనెల్’ అనే పలుకుతారు. మా తరగతి కుర్రవాడు ఆ మాట ఫ్రెంచి పాఠంలో చదివి ఉంటే అతన్ని దిద్దవలసిన పనే ఉండేది కాదు. హోసూరులోనైనా, బళ్ళారిలోనైనా, బరంపురంలోనైనా మీ పిల్లలు ఇంగ్లీషు మాటను రాసినట్టే చదివితే దిద్దండి. దిద్దడంతో పాటు ఆ మాట కథ కూడా చెప్పండి. నవ్వకండి.

సెలవు.