తోపుడు బండి ఏ కోడ్ కిందికి వస్తుంది?

పత్తర్‌గట్టిని పాత బస్తీ అంటాం గానీ, ఆ రోడ్డుదీ మోటారు బండిదీ దాదాపు ఒకే తరం. 1908లో మూసీ వరద ఊరిని ముంచెత్తాక, 1912లో సిటీ ఇంప్రూవ్‌మెంట్ బోర్డు పెట్టారు. మదీనా నుంచి చార్‌కమాన్ వైపు నడిస్తే కనబడే రాతి కమానుల దుకాణాలు ఆ బోర్డు కట్టించినవే.

ఇంచుమించు అదే కాలంలో, 1909లో, మరణ కారణాల అంతర్జాతీయ జాబితాను రెండోసారి సవరించారు. దాని మూలం ఫ్రెంచి గణాంకవేత్త జాక్ బెర్తియాఁ 1893లో ఇచ్చిన జాబితా. ఆ సవరణలో బండి కింద పడినా, రైలు కింద పడినా, కొండచరియ మీద పడినా నంబరు ఒకటే: 175. అన్నీ ‘నలిగిపోవడమే’ కదా అని లెక్క. బండికి విడిగా చరిత్ర లేదు. అదొక ప్రకృతి వైపరీత్యం, అంతే.

1932 జూన్‌లో నిజాం ప్రభుత్వ రోడ్డు రవాణా శాఖ 27 బస్సులతో మొదలైంది. రోడ్డు మారిపోతోంది, జాబితా కూడా మారక తప్పలేదు. 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ చేతికొచ్చిన ఆరో సవరణ ఒక పెద్ద పని చేసింది: గాయానికి ఒక కోడ్, ఆ గాయం చేసిన సంఘటనకు ఇంకో కోడ్. తొడ ఎముక విరిగింది అన్నది ఒక వాస్తవం. అది ఎలా విరిగింది అన్నది వేరే వాస్తవం. మొదటిది వైద్యుడికి కావాలి. రెండోది రోడ్డు వేసేవాడికి కావాలి.

అయినా అందరికీ చోటు దొరకలేదు. 1979 నుంచి వాడిన తొమ్మిదో సవరణలో, మోటారు ప్రమాదంలో దెబ్బ తిన్నది ఎవరో చెప్పడానికి చివర ఒక అంకె ఉండేది. ట్రామ్‌లో కూర్చున్నవాడికి 4, గుర్రం మీద ఉన్నవాడికి 5. ఆటోలో ఉన్నవాడికి? విడిగా ఏమీ లేదు. 1990లో ఆమోదం పొందిన పదో సవరణ వచ్చాకే మూడు చక్రాల బండికి వి30 నుంచి వి39 దాకా సొంత ఇల్లు దొరికింది. ‘మోటారు రిక్షా’ అన్న మాట నిర్వచనంలోనే ఉంది.

ఈ పదో సవరణ పద్ధతి చూస్తే నాకు ముచ్చటేస్తుంది. మొదట నువ్వు దేని మీద ఉన్నావు, తర్వాత నిన్ను ఏది గుద్దింది, చివరికి నువ్వు ఎక్కడ కూర్చున్నావు. ఆటో ప్యాసింజర్‌ని రోడ్డు మీద బస్సు గుద్దితే వి34.6. సైకిల్ రిక్షాని కారు గుద్దితే తొక్కేవాడికి వి13.4, వెనక కూర్చున్నవాడికి వి13.5. నడుస్తున్న బస్సు ఫుట్‌బోర్డు మీద వేలాడుతూ జారిపడితే వి78.7. పత్తర్‌గట్టిలో జట్కాలు పోయాయి, జట్కా కోడ్ వి80 మాత్రం ఇంకా ఉంది.

మరి తోపుడు బండి? దాన్ని తోసేవాడు ఈ జాబితా ప్రకారం పాదచారి. బండి వాహనం కాదు, నడిచే మనిషి చేతిలో వస్తువు. బైకు వచ్చి గుద్దితే వి02.1. ట్రాఫిక్‌కి అడ్డం అని మనం రోజూ తిట్టుకునే మనిషిని ఈ కోడ్ ముందు నడిచే మనిషిగా గుర్తిస్తుంది. తప్పు ఎవరిది అని అడగదు. ఎఫ్‌ఐఆర్ అడిగే మొదటి ప్రశ్న అదే. కోడ్‌కి ఆ ప్రశ్నే లేదు.

ఇప్పుడు మన వింత పరిస్థితి. అమెరికా 2015 అక్టోబర్ 1న పదో సవరణకు తన సొంత రూపాన్ని అమల్లోకి తెచ్చింది. ఆ కోడ్‌లు నేర్పే కోచింగ్ బోర్డులు అమీర్‌పేటలో ఎన్నో. జెట్ ఇంజన్‌లోకి లాగేస్తే ఏ కోడో కూడా మన పిల్లలకు తెలుసు. అక్కడ కూడా బిల్లుకి డబ్బు తెచ్చేది ముఖ్యంగా గాయం కోడే. ప్రమాదం ఎలా జరిగిందో చెప్పే కోడ్ దేశమంతటా తప్పనిసరి కాదు. అయినా టెక్సస్ హైవే మీద కారు ఎలా బోల్తా పడిందో రాసే చేతులు మన ఊళ్ళోవే.

మన ఊళ్ళో గాయానికి మాత్రం సాధారణంగా మూడక్షరాలు: ఆర్‌టీఏ. రోడ్ ట్రాఫిక్ యాక్సిడెంట్. కేస్‌షీట్‌లో అంతకుమించి లేకపోతే కోడర్ ఎంత గొప్పవాడైనా రాయగలిగింది వి89.2 ఒక్కటే: వివరం తెలియని మోటారు ప్రమాదం. ప్రోగ్రామర్ల భాషలో చెప్పాలంటే, ఇది అన్ని షరతులూ తప్పాక మిగిలే ‘ఎల్స్’. ఆటో, రిక్షా, ఫుట్‌బోర్డు, తోపుడు బండి అన్నీ మళ్లీ అందులో కలిసిపోతాయి. 1909 నాటి 175కి కొత్త పేరు.

పోలీసు రికార్డు ఉందిగా అనొచ్చు. కేంద్ర రవాణా శాఖ ఏటా వేసే ప్రమాదాల నివేదిక దాని మీదే ఆధారపడుతుంది. కానీ రాఖీ దండోనా బృందం హైదరాబాద్‌లోనే చేసి 2008లో ప్రచురించిన అధ్యయనంలో తేలింది ఏమిటంటే, ప్రాణాపాయం లేని గాయాల్లో అత్యధికం పోలీసుల దాకా వెళ్లనే లేదు. కాలు విరిగిన మనిషికి ఇంటికి పోవాలని ఉంటుంది, స్టేషన్‌కి కాదు.

అందుకే ఎమర్జెన్సీ గదిలో రాసే ఆ ఒక్క వాక్యం మీద ఇంత ఆధారపడి ఉంది. ‘బండి తోస్తుండగా వెనకనుంచి బైకు గుద్దింది’ అని రాయడానికి అరనిమిషం పడుతుంది. అలాంటి వాక్యాలు వంద పోగైతే, ఆ వీధిలో నడిచేవాళ్లకు ఎంత జాగా వదలాలో వాదించడానికి ఆధారం దొరుకుతుంది. ఆర్‌టీఏలు వెయ్యి పోగైనా, వెయ్యిమందికి దెబ్బలు తగిలాయని మాత్రమే తెలుస్తుంది.