గాంగ్ లీని ఎవరు తయారు చేశారు?

చైనా నటి గాంగ్ లీ ప్రస్తావన వస్తే చాలు, ఆమెను తయారు చేసింది దర్శకుడు జాంగ్ యీమౌ అనేస్తారు. అందుకు ఆధారం లేకపోలేదు. బీజింగ్‌లోని సెంట్రల్ అకాడమీ ఆఫ్ డ్రామాలో ఆమె ఇంకా చదువుకుంటుండగానే 'రెడ్ సోర్గమ్' (1987)లో కథానాయికను చేసింది ఆయనే. మరుసటి ఏడాది ఆ సినిమా బెర్లిన్‌లో గోల్డెన్ బేర్ గెలిచింది. 'జూ డౌ', 'రైజ్ ది రెడ్ లాంటర్న్', 'టు లివ్' వరసగా వచ్చాయి. 1995లో 'షాంఘై ట్రయాడ్'తో ఇద్దరి దారులూ వేరయ్యాయి. కానీ అవకాశం ఇవ్వడం వేరు, నటిని తయారు చేయడం వేరు. పెద్ద దర్శకుడి నీడలో నాలుగేళ్లు వెలిగి, ఆ నీడ తొలగగానే కనుమరుగైన తారలు ఏ భాషలో లేరు? గాంగ్ లీ ముప్ఫై ఏళ్లకు పైగా నిలిచింది. ఆ నిలకడకు దర్శకుడొక్కడే కారణమంటే లెక్క కుదరదు.

ఆయన సినిమాల్లోనే దీనికి సాక్ష్యం ఉంది. 'ది స్టోరీ ఆఫ్ చ్యూ జూ' (1992)లో ఆమెది నిండు గర్భిణి అయిన పల్లెటూరి ఇల్లాలి పాత్ర. ఊరిపెద్ద మొగుణ్ణి తన్నరాని చోట తన్నాడు. ఆమెకు కావలసింది డబ్బు కాదు, తప్పు చేశానని అతను ఒప్పుకోవడం. దాని కోసం ఎండుమిరపకాయలు బండి మీద వేసుకెళ్లి అమ్మి, ఆ డబ్బుతో ఒక ఆఫీసు నుంచి పై ఆఫీసుకు తిరుగుతుంది. అందానికి పేరుబడ్డ మనిషి మందపాటి దూది కోటులో, తలగుడ్డతో, షాన్సీ యాసలో మాట్లాడుతూ, బరువైన పొట్టతో ఈడ్చుకుంటూ నడుస్తుంది. వీధి దృశ్యాలు చాలావరకు దాచిపెట్టిన కెమెరాలతో తీశారు. నిజమైన జనం మధ్య ఆమె కలిసిపోయింది. చివర్లో, తన కాన్పుకు సాయపడిన ఆ ఊరిపెద్దనే పోలీసులు పట్టుకెళ్తున్నారని తెలిసి రోడ్డు మీదికి పరుగెత్తుతుంది. గెలిచానో ఓడానో తేల్చుకోలేని ఆ ముఖం మీదే సినిమా ఆగిపోతుంది. వెనిస్‌లో సినిమాకు గోల్డెన్ లయన్, ఆమెకు ఉత్తమ నటి పురస్కారం వచ్చాయి. ఆ యాసనూ నడకనూ కెమెరా పుట్టించలేదు.

ఇవన్నీ విదేశీ ఉత్సవాల కోసం చైనా దైన్యాన్ని అందంగా చుట్టి ఇచ్చిన సినిమాలనే విమర్శ ఒకటుంది. ఎర్ర లాంతర్ల వైభవం చూస్తే ఆ అనుమానం కలగడం సహజమే. అయితే చ్యూ జూ పాత్రకు స్వదేశంలోని గోల్డెన్ రూస్టర్ కూడా ఆమెకే ఇచ్చారు. ఇక అదీ జాంగ్ సినిమాయే కదా అంటారా, చెన్ కైగే 'ఫేర్‌వెల్ మై కాంక్యుబైన్' (1993) చూడండి. ఇద్దరు ఒపెరా నటుల కథ అది. వాళ్ల మధ్యకు భార్యగా వచ్చిన వేశ్య పాత్ర తేలిపోయే ప్రమాదం ఎంతో ఉంది. అలాంటి పాత్రకు న్యూయార్క్ విమర్శకుల సంఘం ఉత్తమ సహాయనటి పురస్కారం ఇచ్చింది. బెర్లిన్ (2000), వెనిస్ (2002) ఉత్సవాల జ్యూరీలకు ఆమె అధ్యక్షత వహించింది కూడా జాంగ్‌తో విడిపోయాకే.

హాలీవుడ్ మాత్రం ఆమెను సరిగా వాడుకోలేదు. 'మెమోయిర్స్ ఆఫ్ ఎ గీషా'లో కొంత మెరిసింది గానీ, 'మయామి వైస్', 'ములాన్' ఆమె పేరును వాడుకున్నాయే తప్ప పనిని కాదు. మళ్లీ జాంగ్ దగ్గరికి వచ్చాకే కదా 'కమింగ్ హోమ్' (2014) లాంటి పాత్ర దొరికింది అనే వాదన బలమైనదే. జ్ఞాపకం చెదిరిన ఆ భార్య ప్రతి నెలా 5వ తేదీన భర్త పేరు రాసిన అట్ట పట్టుకుని స్టేషన్‌కు వెళ్తుంది. పక్కనే నిలబడ్డ మనిషే ఆ భర్త అని ఆమె గుర్తించదు. కానీ ఇందులో పాత జాంగ్ రంగుల హంగు దాదాపు లేదు, బరువంతా ఆమె చూపుల మీదే ఉంది. ఆ తర్వాత లౌ యే తీసిన నలుపు తెలుపు 'సాటర్డే ఫిక్షన్'లో నటించింది. పీటర్ చాన్ 'లీప్' (2020)లో వాలీబాల్ కోచ్ లాంగ్ పింగ్ పాత్ర వేసింది. ఈ రెండింటిలో ఏదీ జాంగ్ యీమౌది కాదు.