పైడి జైరాజ్ (1909-2000)

హిందీ చిత్రసీమ తొలితరం కథానాయకులలో ఒకరైన పైడి జైరాజ్ కరీంనగర్‌లో జన్మించిన తెలుగువారు. నిజాం కళాశాలలో చదివి, 1929లో బొంబాయి చేరి మూకీ చిత్రాలలో ప్రవేశించారు. టాకీలు రాగానే భాష చాలక పలువురు నటులు తెరమరుగైరి; జైరాజ్‌కు హైదరాబాదులో అబ్బిన ఉర్దూ అక్కరకు వచ్చింది. ‘భాభీ’ (1938), దేవికారాణి చివరి చిత్రమైన ‘హమారీ బాత్’ (1943)లలో ఆయనే నాయకుడు. దిలీప్‌కుమార్ నటించిన ‘ప్రతిమ’ (1945)కు దర్శకత్వం వహించారు. తరువాత టిప్పు సుల్తాన్, చంద్రశేఖర్ ఆజాద్ వంటి వీరపాత్రలు ధరించారు. ‘షోలే’ (1975)లోని పోలీసు కమిషనర్ ఆయనే. ఇంట తెలుగు, బడిలో మరాఠీ, తెరపై హిందీ వింటూ పెరిగే మా గోకుంద పిల్లలు ఆ చిత్రాన్ని ఎరుగుదురు గాని, అందులో ఒక తెలుగువాడున్నాడని ఎరుగరు. 1980 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం లభించింది. అంతకుముందు ఆ గౌరవం పొందిన తెలుగువారు బి.ఎన్.రెడ్డి ఒక్కరే. 2000 ఆగస్టు 11న ముంబయిలో పరమపదించారు.