ఐఎన్ఎస్ అరిహంత్

ఐఎన్ఎస్ అరిహంత్ విశాఖపట్నంలో నిర్మించిన అణు జలాంతర్గామి. అణ్వస్త్ర క్షిపణులను నీటి అడుగు నుంచి ప్రయోగించగల మన తొలి నౌక ఇదే. పొడవు సుమారు 111 మీటర్లు, వెడల్పు 11 మీటర్లు, బరువు 6,000 టన్నుల దాకా ఉంటుంది. అరి అంటే శత్రువు, హంత అంటే చంపేవాడు. జైనులు మాత్రం ఈ మాటను కామక్రోధాల వంటి లోపలి శత్రువులను జయించినవారికి వాడతారు. అహింసే పరమధర్మమన్నవారి మాట అణ్వస్త్ర నౌకకు పేరు కావడం చిత్రమే.

ఈ నౌకను నిర్మించే పథకానికి పెట్టిన పేరులో ఏమీ బయటపడదు: అడ్వాన్స్‌డ్ టెక్నాలజీ వెసెల్, పొట్టిగా ఏటీవీ. దశాబ్దాల పాటు ప్రభుత్వం దాని గురించి పెదవి విప్పలేదు. 1988లో సోవియట్ యూనియన్ నుంచి అద్దెకు తెచ్చిన ఐఎన్ఎస్ చక్ర మీద మూడేళ్లు పనిచేసి మన నావికులు అణు జలాంతర్గామిని నడపడం నేర్చుకున్నారు. రియాక్టర్ నమూనాను చెన్నై దగ్గరి కల్పాక్కంలో నేల మీదే కట్టి 2006 నుంచి నడిపి చూశారు. నౌక దేహం (హల్) భాగాలు గుజరాత్‌లోని హజీరాలో ఎల్ అండ్ టీ వద్ద తయారయ్యాయి. వాటిని విశాఖ షిప్ బిల్డింగ్ సెంటర్‌లో జోడించారు.

2009 జులై 26న, కార్గిల్ విజయానికి పదేళ్లు నిండిన రోజున, ప్రధాని మన్మోహన్ సింగ్ సమక్షంలో జలప్రవేశం జరిగింది. ఆయన భార్య గురుశరణ్ కౌర్ కొబ్బరికాయ కొట్టారు. డ్రై డాక్‌లోకి నీళ్లు వదిలితే నౌక తేలింది. పత్రికల ఫొటోగ్రాఫర్లను లోపలికి రానివ్వలేదు.

తేలినంత మాత్రాన నౌక సిద్ధమైనట్టు కాదు. రియాక్టర్‌లో గొలుసు చర్య మొదలైంది 2013 ఆగస్టు 10న, సముద్ర పరీక్షలకు బయలుదేరింది 2014 డిసెంబరులో. 2016 ఆగస్టులో నౌకాదళంలో చేరినప్పుడు ఆ కబురు ప్రభుత్వం నోట రాలేదు. 2018 నవంబరు 5న, ధనత్రయోదశి నాడు, శత్రువును అణు దాడికి దిగకుండా ఆపే తొలి నిరోధక గస్తీ ముగించుకు వచ్చిందని ప్రధాని నరేంద్ర మోదీ ప్రకటించారు.

డీజిల్ జలాంతర్గామి బ్యాటరీలు నింపుకోవడానికి పైకి వచ్చి గాలి పీల్చుకోక తప్పదు. అప్పుడే శత్రువు కంటపడుతుంది. అరిహంత్‌లోని 83 మెగావాట్ల రియాక్టర్‌కు గాలి అక్కర్లేదు. యురేనియం వేడికి నీరు ఆవిరై టర్బైన్‌ను తిప్పుతుంది. ఇలాంటి నౌక ఎన్నాళ్లు మునిగి ఉండగలదో తేల్చేది ఇంధనం కాదు, వంటగదిలో మిగిలిన సరుకులు, మనుషుల ఓపిక. విశాఖ రామకృష్ణా బీచ్‌లో ప్రదర్శనకు పెట్టిన డీజిల్ జలాంతర్గామి ఐఎన్ఎస్ కుర్సురాలోకి దిగినవారికి ఆ ఓపిక కొంత అర్థమవుతుంది. గది గదికీ గుండ్రటి ద్వారం. ముందు ఓ కాలు పెట్టి, తల వంచి, నడుము ముడుచుకుని దూరాలి. ఇద్దరు ఎదురైతే ఒకరు గోడకు అంటుకుపోవాల్సిందే. అరిహంత్ దానికంటే 20 మీటర్లే పొడవు, కానీ బరువులో రెట్టింపు పైనే.

క్షిపణుల గొట్టాలు నాలుగు. వాటిలో 12 కె-15 క్షిపణులు గానీ 4 కె-4 క్షిపణులు గానీ పడతాయి. కె-15ను హైదరాబాద్ డీఆర్‌డీఎల్ రూపొందించింది. గొట్టంలోని వాయువు దాన్ని నీటి పైకి విసిరాక మోటారు అంటుకుంటుంది. పరిధి 750 కిలోమీటర్లు, అంటే తిరుమల ఎక్స్‌ప్రెస్ తిరుపతి నుంచి విశాఖకు పట్టాల మీద వెళ్లే దూరానికి కాస్త అటూ ఇటూ. 2022 అక్టోబరు 14న బంగాళాఖాతంలో అరిహంత్ నుంచి క్షిపణిని ప్రయోగించారు. అది ఏ రకమో ప్రకటనలో లేదు. రెండో నౌక ఐఎన్ఎస్ అరిఘాత్ 2024 ఆగస్టు 29న విశాఖలోనే దళంలో చేరింది. అదే ఏడాది నవంబరులో దాని నుంచి 3,500 కిలోమీటర్ల పరిధి గల కె-4ను పరీక్షించారు.

అణ్వస్త్రాన్ని ముందుగా వాడబోమన్నది భారత్ విధానం. ఆ మాటకు బలం రావాలంటే, మొదటి దెబ్బ తిన్నాక కూడా తిరిగి కొట్టే ఆయుధం ఒకటి ఎక్కడో మిగలాలి. నీటి అడుగున దాగిన అరిహంత్ అలాంటి ఆయుధమే. దానికి ఆదేశం చేరడమే చిక్కు: మామూలు రేడియో తరంగాలు ఉప్పునీట్లోకి చొరబడవు. అతి తక్కువ పౌనఃపున్య తరంగాలు కొంత లోతు దాకా వెళ్తాయి గానీ, వాటికి ఎకరాల కొద్దీ యాంటెన్నాలు కావాలి. తమిళనాడులో తిరునల్వేలి దగ్గరి ఐఎన్ఎస్ కట్టబొమ్మన్ తర్వాత అటువంటి రెండో కేంద్రానికి వికారాబాద్ జిల్లా దామగుండం అడవిలో 2024 అక్టోబరు 15న శంకుస్థాపన జరిగింది. చెట్లు పోతాయని పర్యావరణవాదులు అడ్డు చెప్పారు. మూసీ పుట్టే అనంతగిరి కొండలు అక్కడికి దగ్గరే. సముద్రం మాత్రం ఏ దిక్కున చూసినా వందల కిలోమీటర్ల దూరం.